అబద్ధం చెప్పని సినిమా

ఈస్టర్ వారం వచ్చిందంటే ఆ ఊళ్ళో పెద్దమనుషులందరికీ హత్యలు కావాలి. మిగతా ఏడాదంతా దోమను చంపడానికి కూడా రెండుసార్లు ఆలోచించే మనుషులు, ఆ వారం మాత్రం కొండల మీది కలప ఇళ్ళకు ఎక్కిపోయి, పగలంతా మంచు మీద జారి, నారింజపళ్ళు ఒలుచుకుని తిని, సాయంత్రం పొయ్యి ముందు చేరి హత్యల సినిమాల్లో శవాలు లెక్కపెట్టుకుంటారు. ఏసు ప్రభువు లేచే వారంలో ఈ చావుల గోలేమిటని పాదిరిగారు కూడా అడగడు. ఆయనే అందరికంటే ముందు వచ్చి రెండు సినిమాలు పట్టుకుపోతాడు.

ఆ సినిమాలు ఇచ్చేది తూరిడ్. ఊరి లైబ్రరీలో పుస్తకాలకు వేరే మనిషి ఉంది గానీ, సినిమాల బీరువా మాత్రం తూరిడ్ రాజ్యం. కార్లు తరుముకునే సినిమాలంటే ఆమెకు చులకన. పరిగెత్తడానికి చోటుంటే ఇక భయమేముందంటుంది. ఆమెకు కావాల్సింది ఒక గది, ఒక తలుపు, ఆ తలుపు తెరుచుకోకపోవడం. ఎవరి ఇంట్లో ఎంతమంది ఉన్నారు, ఎవరికి నిద్ర పట్టదు, ఎవరి గుండె మంచిది కాదు అన్నీ మనసులో పెట్టుకుని, వాళ్ళకు తగినంత ఊపిరాడని సినిమా తీసి చేతిలో పెడుతుంది.

సెలవులకు ముందు రోజు, అంటే బుధవారం, మధ్యాహ్నానికే లైబ్రరీ మూసేస్తారు. అందుకని పొద్దున్నే వరస కట్టారు.

"తూరిడ్, మా అత్తగారు కూడా కొండకు వస్తోంది," అన్నాడు పడవల మరమ్మతు చేసే ఆర్విడ్. "గుండె ఆగేది వద్దు గానీ, నోరు ఆగేది ఏదైనా ఉంటే ఇవ్వు."

"ఆవిరిగది సినిమా తీసుకుపో. నలుగురు స్నేహితులు లోపలికి వెళ్తారు, తలుపు రాదు, వేడి పెరుగుతూ ఉంటుంది. నలుగురిలో ఒకడు కావాలనే వేశాడు ఆ తలుపు. చూశాక మీ అత్తగారు ఒక్క మాట మాట్లాడితే నన్నడుగు."

"మాట్లాడితే ఆవిణ్ణి నీ దగ్గరకే పంపిస్తా," అన్నాడు ఆర్విడ్. వరసంతా నవ్వింది.

అంతలో తలుపు తోసుకుని గున్వోర్ వచ్చింది. నవ్వులు ఎక్కడివక్కడ ఆగిపోయాయి. ఆర్విడ్ తన సినిమా చంకలో పెట్టుకుని, ఆమెకు దారిచ్చి, నేల చూస్తూ వెళ్ళిపోయాడు.

రెండేళ్ళ కిందట, చలికాలం మొదట్లో, గున్వోర్ భర్త ఐలిఫ్ చేపల పడవ బోల్తా పడింది. తిరగబడ్డ పడవ కడుపులో మిగిలిన కాస్త గాలిలో ఇద్దరు మనుషులు రాత్రంతా గడిపారు. తెల్లారాక పడవ అడుగు కోసి చూస్తే ఒకడే బతికున్నాడు. ఆ ఒకడు తూరిడ్ తమ్ముడు ఓడ్వార్. విచారణకు వచ్చిన వాళ్ళకు అతను చెప్పింది ఒక్కటే మాట, చలి అని. గున్వోర్‌కు ఆ మాట కూడా చెప్పలేదు. అంత్యక్రియలకు వెళ్ళలేదు. అక్క ఇంటికి చేరి, ఇక గుమ్మం దాటలేదు.

అప్పటి నుంచీ గున్వోర్ లైబ్రరీకి రావడం మొదలుపెట్టింది. ఇరుకుచోట మనుషులు చిక్కుకుపోయిన సినిమాలు కావాలంది. వద్దే అని మొదట్లో తూరిడ్ బతిమాలింది. నువ్వివ్వకపోతే బస్సెక్కి పక్క ఊరు పోయి తెచ్చుకుంటానంది. ఇక ఇవ్వక తప్పలేదు. తమ్ముడు బతికొచ్చినందుకు ఆమె ముందు తలెత్తలేని తూరిడ్‌కు, కాదనే మొహం కూడా లేదు.

"ఇదీ అబద్ధమే," అంటూ గున్వోర్ తిరిగి తెచ్చిన సినిమా డబ్బా బల్ల మీద పెట్టింది. "గోధుమల గోదాములో అన్నదమ్ములు చిక్కుకున్నారు. కాసేపటికే ఒకడి పీక ఒకడు పట్టుకున్నాడు. గోడలు బాదారు, ఏడ్చారు, తిట్టుకున్నారు. మనుషులు అలాగే ఉంటారా?"

"సినిమా కదే..."

"ఐలిఫ్ అరిచాడా? గోడలు బాదాడా? నన్ను పిలిచాడా? నాకు అదొక్కటే కావాలి. నువ్వేదిస్తే అది చూశాను. లిఫ్టులో చూశాను, బావిలో చూశాను, జలాంతర్గామిలో చూశాను. అందులో ఒక్కడంటే ఒక్కడు మా ఆయనలా లేడు." ఆమె గొంతు పెరగలేదు. అది పెరిగినా బాగుండేది. "ఆఖరుగా ఒకటివ్వు. తిరగబడ్డ పడవలో ఇద్దరు మగాళ్ళుండాలి. అబద్ధం చెప్పకూడదు."

"అలాంటిది లేదు, గున్వోర్."

"లేదని నాకూ తెలుసు."

ఉత్త చేతులతో పంపబుద్ధి కాక తూరిడ్ బీరువాలోంచి ఒకటి తీసి ఇచ్చింది. ఉప్పుగనిలో చిక్కుకున్న ఒక టీచరు కథ. గున్వోర్ అది సంచిలో వేసుకుని, లైబ్రరీ కార్డు తీసి బల్ల మీద పెట్టింది.

"ఇది నీ దగ్గరుంచు. ఇక చూసింది చాలు. సెలవులకు మా చెల్లెలు వాళ్ళ కొండింటికి పోతున్నా."

హమ్మయ్య అనుకుంది తూరిడ్. ఇన్నాళ్ళకు నలుగురిలో పడుతోంది, అదే పదివేలు. సంతోషంలో ఆ కార్డు సంగతి కూడా సరిగ్గా ఆలోచించలేదు. బీరువా తాళం వేశాక, కొండ మీద ఆమెకు ఏదైనా నవ్వొచ్చే సినిమా పెట్టమని చెబుదామని గున్వోర్ చెల్లెలు సిగ్నెకు ఫోన్ చేసింది.

"ఇక్కడికా?" అంది సిగ్నె. కొండగాలికి మాట ముక్కలైపోతోంది. "మీ ఇంటికి వస్తున్నానంది కదా! ఓడ్వార్ రమ్మన్నాడట, మాట్లాడతాడట. పోన్లే, ఇన్నాళ్ళకు మీరంతా కలిశారని మేమెంత..."

ఫోన్ తెగిపోయింది. మళ్ళీ చేస్తే కలవలేదు.

చెల్లెలికి తూరిడ్ ఇల్లు చెప్పింది గున్వోర్, తూరిడ్‌కు ఆ కొండ చెప్పింది. ఈస్టర్‌లో ఎవరి ఇంటి పొగగొట్టం చల్లారినా, ఎవరి కిటికీలో దీపం లేకపోయినా, కొండెక్కారులే అనుకుంటారు తప్ప ఒక్కరూ తలుపు తట్టరు. సెలవులు అయ్యేదాకా గున్వోర్ గురించి ఎవరూ అడగరు. ఆ సంగతి గున్వోర్‌కు బాగా తెలుసు. తెలిసే చేసింది.

ఫెర్రీ ఎక్కి నీళ్ళు దాటితే గానీ డాక్టరు లేడు. అక్కడికి ఫోన్ చేస్తే, తీసినామె మర్యాదగానే మాట్లాడింది. "ఆవిడ ఏమైనా అందా, అమ్మా?"

"లైబ్రరీ కార్డు తిరిగిచ్చేసింది."

"ఈస్టర్ కదండీ, కొండెక్కి ఉంటారు. ఒకసారి వెళ్ళి తలుపు కొట్టి చూడండి. తీయకపోతే మళ్ళీ చేయండి."

తూరిడ్ కోటు గుండీలైనా పెట్టుకోకుండా పరిగెత్తింది. ఏప్రిల్ ఎండ మంచు మీద పడి కళ్ళు మిరుమిట్లు గొలుపుతోంది. వీధి వీధంతా ఖాళీ. గున్వోర్ ఇంటి కిటికీలకు లోపలి నుంచి దుప్పట్లు కట్టి ఉన్నాయి. ఆ ఊళ్ళో వసంతపు వెలుగులో చీకటి సినిమా చూడాలంటే ఎవరైనా చేసేది అదే. తూరిడ్ మోకాళ్ళ మీద కూర్చుని, తలుపులో ఉత్తరాలు వేసే సందు మూత ఎత్తింది.

"గున్వోర్! నేనే. తలుపు తియ్యవే."

"లైబ్రరీ మూసేశావుగా. ఇంటికి పో."

"సిగ్నె దగ్గరకు పోలేదేం?"

"సినిమా చూస్తున్నా."

"చూశాక?"

లోపల ఉప్పుగనిలో టీచరు ఎవరినో పిలుస్తోంది. తర్వాత గున్వోర్ గొంతు తలుపు దగ్గరగా వినిపించింది. "ఎవర్నైనా పిలిచావో, వాళ్ళు ఫెర్రీ దిగేలోపే నా పని నేను చూసుకుంటా. నేనడిగింది తెచ్చావా? తేలేదు కదా. మరి పో."

"ఉంది!" తూరిడ్ అరిచింది. తనేమంటోందో తనకే తెలియదు. "నువ్వడిగింది ఉంది. లైబ్రరీలో కాదు, మా ఇంట్లో ఉంది. పడవలో ఇద్దరిది. ఆ సినిమా అయ్యేదాకా ఆగు. నా మీద ఒట్టు, గున్వోర్, అదయ్యేదాకా ఆగు!"

"అయ్యేదాకా ఎలాగూ చూస్తా," అంది గున్వోర్.

ఆ సినిమా నిడివి తూరిడ్‌కు కంఠతా వచ్చు. నిడివి తక్కువ, ఎక్కడా సాగదీయలేదు అని ఊరందరికీ మెచ్చుకుని ఇచ్చిన సినిమా అది. ఇంకాస్త పెద్దది ఎందుకివ్వలేదా అని దారి పొడుగునా తనను తాను తిట్టుకుంటూ, ఏడుస్తూ, మంచులో జారి పడుతూ ఇల్లు చేరింది.

తూరిడ్ ఇంట్లో తలుపులు లేవు. వీధి తలుపు ఒక్కటి తప్ప మిగతావన్నీ ఓడ్వార్ ఊడదీసి కొట్టం వెనక పడేశాడు. మూసిన తలుపు చూస్తే అతనికి ఊపిరాడదు. వంటింట్లో కూర్చుని బంగాళాదుంపలు చెక్కుతున్నవాడు అక్క వాలకం చూసి లేచి నిలబడ్డాడు.

"బూట్లు తొడుక్కోరా. గున్వోర్ దగ్గరకు పోవాలి."

అతను మళ్ళీ కూర్చున్నాడు. "నేను రాను."

"నువ్వు రాకపోతే అది ఇవాళ చచ్చిపోతుంది."

"ఆ సినిమాలు చూసి చూసి నీకు పిచ్చెక్కిందక్కా."

తూరిడ్ అంతా చెప్పింది. కార్డు, రెండు అబద్ధాలు, దుప్పట్లు, ఆడుతున్న సినిమా. ఓడ్వార్ అంతా విన్నాడు. అయినా తల అడ్డంగానే ఊపాడు.

"నేనొస్తే ఇంకా తొందరగా చస్తుంది. నా దగ్గరున్నది వినదగ్గది కాదు."

"ఏముందిరా నీ దగ్గర? రెండేళ్ళుగా అడుగుతున్నా. నాకైనా చెప్పు."

"చెప్తే ఆమె నన్ను చంపేస్తుంది."

"చంపనీరా!" తూరిడ్ అరిచింది. ఆ ఇంట్లో అంత గట్టిగా ఎవరూ ఎప్పుడూ అరవలేదు. "నిన్ను చంపాలంటే ముందు అది బతికుండాలి కదా!"

ఆమె నేల మీద కూలబడి, మూలనున్న బూట్లు లాక్కుని, చిన్నప్పుడు బడికి పంపేటప్పుడు చేసినట్టే, అతని కాలు పట్టుకుని బూటులోకి తోసింది. చేతులు వణికి తాడు ముడి పడలేదు. రెండోసారీ పడలేదు. ఓడ్వార్ కాసేపు ఆ వణికే చేతుల్ని చూశాడు. తర్వాత వంగి, తాడు తనే కట్టుకున్నాడు.

వీధిలో ఎండకు అతని కళ్ళు తెరుచుకోలేదు. అక్క భుజం పట్టుకుని గుడ్డివాడిలా నడిచాడు. పరిగెత్తరా అని తూరిడ్ అంటుంటే కాళ్ళు తడబడ్డాయి, అయినా పరిగెత్తాడు.

"తెచ్చావా?" లోపలి నుంచి గున్వోర్ అడిగింది.

"తెచ్చాను."

తలుపు తెరుచుకుంది. ఓడ్వార్‌ను చూసి గున్వోర్ చెయ్యి గడియ మీదే ఉండిపోయింది. అతను, "వదినా," అన్నాడు.

"రా లోపలికి," అంది గున్వోర్ చివరకు. "తలుపు వేస్తాను. వేసే వినాలి ఇది."

వేసింది. ఓడ్వార్ నుదుటి మీద చెమట పట్టింది. ఆ చీకటి గదిలో తలుపు పక్కన గోడకు వీపు ఆనించి నేల మీద కూర్చున్నాడు. సినిమా అయిపోయి తెర మీద పేర్లు పడుతున్నాయి. బల్ల మీద నీళ్ళ గ్లాసు, దాని పక్కన సీసాలోంచి ఒంపిన నిద్రమాత్రలు ఉన్నాయి. గున్వోర్ కళ్ళు ఓడ్వార్ మీదే ఉండగా తూరిడ్ ఆ మాత్రలన్నీ ఊడ్చి కోటు జేబులో వేసుకుని, బూట్లు విడిచే చోటికి వెళ్ళి నిలబడింది.

"అరిచాడా?" గున్వోర్ అడిగింది.

"లేదు."

"గోడలు బాదాడా?"

"లేదు వదినా. సినిమాలు చెప్పాడు."

"ఏంటి?"

"నువ్వు చూపించినవన్నీ. ఈస్టర్‌కి కొండ మీద మీరిద్దరూ చూసినవి. నేను ఏడుస్తుంటే, ఆపరా వెధవా, కథ చెప్తా విను అన్నాడు. మొదలు బాగా చెప్పేవాడు. మధ్యదాకా బాగా చెప్పేవాడు. ఒక్కదానికీ చివర మాత్రం తెలీదు."

గున్వోర్ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. రెండో శవం పడేలోపు ఐలిఫ్ గురక మొదలవుతుందని ఊరంతా ఆటపట్టించేవాళ్ళు.

"చివర నువ్వు చెప్పరా అనేవాడు. నాకేం తెలుసు? వంటవాడే చంపాడనేవాణ్ణి. ప్రతిదానికీ అదే. పడవలో వంట నాది కదా, అందుకని. నీ చేపల సూపు తాగిన రోజే అనుకున్నాన్రా నువ్వు హంతకుడివని, అనేవాడు. నవ్వాడు వదినా. నేనూ నవ్వాను. నడుందాకా నీళ్ళలో, చీకట్లో, ఇద్దరం పగలబడి నవ్వాం." ఓడ్వార్ మొహం మోకాళ్ళలో దాచుకున్నాడు. "ఇది నీకెలా చెప్పను? మీ ఆయన చచ్చిపోతుంటే పక్కన కూర్చుని నవ్వానని చెప్పనా?"

"తర్వాత?"

"వద్దు వదినా."

"తర్వాత ఏమైందిరా?"

"ఇంకోటి మొదలుపెట్టాడు. ఓడలో కార్లు పెట్టే చోట, ఒక కారు డిక్కీలో ఆడమనిషి కళ్ళు తెరుస్తుంది. అక్కడిదాకా చెప్పి ఆగాడు. అన్నా, నిద్రపోయావా అని పిలిచాను. నిద్ర కాదురా, కళ్ళు మూసుకుని వింటున్నా అన్నాడు. చెప్పేది తనే కదా వదినా! చెప్పేవాడు వినడమేంటి? నాకప్పుడే తట్టాలి. ఆ చలిలో మనిషిని నిద్రపోనివ్వకూడదని పసిపిల్లాడికి కూడా తెలుసు. కుదపాలి, చెంపలు వాయించాలి. నేనేమో, ఎప్పుడూ పడుకునేవాడే కదా, పాపం కాసేపు పడుకోనీ అనుకున్నా. లేపలేదు. నేనే లేపలేదు."

చేతులారా తెచ్చి ఆమె చావుకు చివరి కారణం అందించానేమోనని తూరిడ్ జేబులోని మాత్రలు గట్టిగా పట్టుకుంది.

"కళ్ళు మూసుకుని వింటున్నా," అంది గున్వోర్. అది ఆమె గొంతు కాదు, ఐలిఫ్ యాస. "ప్రతి ఈస్టర్‌కీ ఇదే మాట. ముప్పయ్యేళ్ళు ఇదే అబద్ధం నాతో!" ఆమె ఒక్కసారిగా లేచి ఓడ్వార్ మీద పడింది. రెండు పిడికిళ్ళతో అతని భుజాలు బాదింది. "లేపాలి కదరా! నేను మోచేత్తో పొడిచేదాన్ని! గట్టిగా పొడిస్తే లేచేవాడు! నువ్వెందుకు పొడవలేదు, నువ్వెందుకు లేపలేదు!"

ఓడ్వార్ తల వంచుకుని దెబ్బలన్నీ తిన్నాడు. తూరిడ్ అడ్డం వెళ్ళలేదు. కొట్టి కొట్టి గున్వోర్ చేతులు అతని భుజాల మీదే ఆగిపోయాయి. అప్పుడు ఏడుపు వచ్చింది. అంత్యక్రియల రోజు కూడా కన్నీటి చుక్క రాని మనిషి, అతని పాత ఉన్ని చొక్కా గుప్పిట్లో పట్టుకుని, ఆ ఇల్లు దద్దరిల్లేలా ఏడ్చింది.

చాలాసేపటికి ముక్కు తుడుచుకుంది. "ఆ డిక్కీ సినిమాకి చివర ఏం చెప్పావు?"

"తెల్లారేదాకా చెప్తూనే ఉన్నా. లేస్తాడేమోనని మళ్ళీ మళ్ళీ చెప్పా. వంటవాడే చంపాడని."

"అందులో వంటవాడు లేడురా," అంది గున్వోర్. అతని గడ్డం పట్టుకుని మొహం తన వైపు తిప్పుకుంది. "నేను చివరిదాకా చూశాను. వంటవాడు ఎవర్నీ చంపలేదు. విన్నావా?"

ఓడ్వార్ వినలేదో, విన్నా నమ్మలేదో, కళ్ళలోంచి నీళ్ళు మాత్రం ధారగా కారాయి.

"మొత్తం ఎన్ని చెప్పాడు?"

"చాలా చెప్పాడు వదినా."

"అన్నీ గుర్తున్నాయా?"

"ఒక్క ముక్క మర్చిపోలేదు."

గున్వోర్ లేచి, కాసేపు గది మధ్యలో నిలబడి, గోడ పట్టుకుని నడుస్తూ వచ్చి వీధి తలుపు బార్లా తెరిచింది. ఎండ లోపలికి పడింది.

"ఇవాళ ఇంకోటి వినే ఓపిక నాకు లేదు," అంది. "రేపు రా. మొదటిది మళ్ళీ మొదట్నుంచీ చెప్పు, ఆయన ఎలా చెప్పాడో అలాగే చెప్పు. ఎల్లుండి రెండోది."

రేపు అన్న మాట ఆమె నోటి నుంచి రాగానే తూరిడ్ గుమ్మం దగ్గర బూట్ల మధ్యనే చతికిలబడి, రెండు చేతులతో మొహం కప్పుకుంది.